గెట్టు తగాదాలో కేసు పెట్టారు, ముందస్తు బెయిల్ అడగాలా?

నల్లగొండ జిల్లాలోని ఒక పల్లె నుంచి నలభై రెండేళ్ళ రైతు రాసిన ఉత్తరం ఇది. పేరు, ఊరు బయటపెట్టవద్దని కోరారు కాబట్టి సారాంశం మాత్రం ఇస్తున్నాను.

ఆయనకు నాలుగున్నర ఎకరాల బత్తాయి తోట ఉంది. పక్క చేను సొంత చిన్నాన్న కొడుకుది. రెండింటి మధ్య గెట్టు దగ్గర రెండు గుంటల నేల ఎవరిదన్న తగాదా చాలా ఏళ్ళుగా నలుగుతోంది. ఈ మధ్య ఒకరోజు ఉదయం చిన్నాన్న కొడుకు జేసీబీ తెచ్చి గెట్టు చదును చేయిస్తుంటే ఈయన అడ్డం వెళ్ళారు. అప్పటిదాకా చెట్ల పాదులు సరిచేస్తున్నారు కనుక చేతిలో పార ఉంది. మాటా మాటా పెరిగి తోపులాట జరిగింది. చిన్నాన్న కొడుకు కిందపడ్డాడు. మోచేతి దగ్గర గాయమై కుట్లు పడ్డాయి. పార తగిలిందో, రాళ్ళ మీద పడటం వల్ల తెగిందో తనకే తెలియదని రాశారు. ఆ గొడవలో తనకూ భుజం మీద దెబ్బ తగిలిందట. అడ్డుపడబోయిన చిన్నాన్న వాళ్ళ పాలేరును కూడా ఈయన నెట్టేశారు. ఆ పాలేరు దళితుడు.

ఆ సాయంత్రమే ఠాణాలో ఫిర్యాదు ఇచ్చారని ఊళ్ళో చెప్పుకున్నారు. అందులో ఈయన పేరుతోపాటు డెబ్బై ఏళ్ళ తండ్రి పేరు, ఆ రోజు హైదరాబాదులో కారు నడుపుతున్న తమ్ముడి పేరు కూడా ఉన్నాయట. రాత్రి కానిస్టేబుల్ ఫోన్ చేసి "పొద్దున్నే ఠాణాకు రా, సారు మాట్లాడాలంటున్నారు" అన్నాడు. ఈయన భయపడి ఆ రాత్రే బయలుదేరి హైదరాబాదులో బావగారింటికి వెళ్ళిపోయారు. ఫోను ఆపేశారు. వారం దాటింది. కాయ కోతకు వచ్చింది, ఇంటి దగ్గర తండ్రి, భార్య మాత్రమే ఉన్నారు. "నువ్వు రాకపోతే మీ నాన్నను తీసుకెళ్తారు" అని ఊరి పెద్దమనిషి ఒకరు కబురు పంపి, ఎనభై వేలు ఇస్తే ఠాణాలోనే మాఫీ చేయిస్తానన్నారు. తెలిసిన వకీలు గుమస్తా ముందస్తు బెయిల్ వేద్దామంటున్నాడు. బావగారేమో, బెయిల్ అడిగితే నేరం ఒప్పుకున్నట్టేనని వారిస్తున్నారు. పైగా పాలేరు చేత అట్రాసిటీ కేసు పెట్టిస్తామని అవతలివాళ్ళు అంటున్నారట. "నేను ఇప్పుడు ఏం చేయాలి? ఒక్క రాత్రి లాకప్‌లో ఉన్నా ఊళ్ళో తలెత్తుకోలేను" అన్నది ఆయన ఉత్తరంలో చివరి వాక్యం. దాని కింద మరో చిన్న ప్రశ్న రాశారు. దాని సంగతి ఆఖరున చెబుతాను.

జవాబు

ఆ చివరి వాక్యం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. మీ భయం శిక్ష గురించి కాదు, పరువు గురించి. మన పల్లెల్లో అరెస్టు అన్నమాటే శిక్షలా పనిచేస్తుంది. కోర్టు పదేళ్ళ తర్వాత నిర్దోషి అన్నా, ఆ రోజు జీపెక్కించారన్న సంగతే జనం గుర్తుపెట్టుకుంటారు. ముందస్తు బెయిల్ అన్న ఏర్పాటు పుట్టిందే ఈ భయం నుంచి. 1969లో లా కమిషన్ తన 41వ నివేదికలో ఇదే చెప్పింది. పలుకుబడి ఉన్నవాళ్ళు తమకు గిట్టనివాళ్ళను అవమానించడానికో, నాలుగు రోజులు లోపల కూర్చోబెట్టడానికో తప్పుడు కేసుల్లో ఇరికిస్తున్నారు కనుక, అరెస్టుకు ముందే బెయిల్ ఇచ్చే అధికారం కోర్టులకు ఉండాలని సిఫారసు చేసింది. 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 438 సెక్షన్‌గా అది వచ్చింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహితలో దాని నంబరు 482. మీకు సలహా ఇచ్చేవాళ్ళలో కొందరు ఇంకా పాత నంబర్లే వాడతారు. పాత చట్టంలో 482 అంటే కేసు కొట్టివేయమని హైకోర్టును అడిగే సెక్షన్. ఇప్పుడు దాని నంబరు 528. ఎవరు ఏ నంబరు చెప్పినా, పాతదా కొత్తదా అని అడిగి తెలుసుకోండి.

మీ బావగారి అనుమానం ముందు తీరుస్తాను. బెయిల్ అడగడం నేరం ఒప్పుకోవడం కాదు. ఆ పిటిషన్‌లో మీరు చెప్పేది ఇంతే: నా మీద ఫలానా ఆరోపణ వచ్చింది, నన్ను అరెస్టు చేస్తారని నమ్మడానికి ఈ కారణాలున్నాయి, దర్యాప్తుకు నేను సహకరిస్తాను, నన్ను బంధించకుండా ఆ పని జరగనివ్వండి. మీరు చేశారా లేదా అన్నది అక్కడ తేలదు. విచారణలో ఆ పిటిషన్ చూపించి మిమ్మల్ని దోషి అనలేరు.

అయితే బెయిల్ వేయాలా వద్దా అన్న దానికంటే ముందు తేలవలసింది వేరే ఉంది. మీ మీద అసలు ఏ కేసు ఉంది? వారం నుంచి మీరు వదంతుల మీద బతుకుతున్నారు. ఫిర్యాదు ఇచ్చారని విన్నారు, అది ఎఫ్‌ఐఆర్ అయిందో లేదో తెలియదు. ఏ సెక్షన్లు పెట్టారో తెలియదు. ఎఫ్‌ఐఆర్‌లను నమోదైన ఇరవై నాలుగు గంటల్లో పోలీసు వెబ్‌సైటులో పెట్టాలని సుప్రీంకోర్టు 2016లో ఆదేశించింది. లైంగిక నేరాల వంటి సున్నితమైన కేసులకు మినహాయింపు ఉంది, మీది అటువంటిది కాదు. తెలంగాణ పోలీసు వెబ్‌సైటులో జిల్లా, ఠాణా, తేదీ ఇచ్చి వెతికితే దొరకాలి. దొరక్కపోతే, ఎఫ్‌ఐఆర్ ప్రతి మేజిస్ట్రేట్ కోర్టుకు వెళ్తుంది కాబట్టి మీ వకీలు అక్కడ నకలు తీసుకోగలరు. ఈ పని ఒకటి రెండు రోజుల్లో అయిపోతుంది. ఇది చేయకుండా ఎనభై వేల గురించి గానీ, బెయిల్ ఫీజు గురించి గానీ మాట్లాడటం అనవసరం.

ఎఫ్‌ఐఆర్ చేతికొచ్చాక మీ వకీలుతో కలిసి చూడవలసిన మొదటి విషయం గాయం. మీలాంటి కేసుల్లో అంతా దాని మీదే ఆధారపడి ఉంటుంది. మామూలు దెబ్బ అయితే, పాత ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 115(2). శిక్ష ఏడాది వరకు, లేదా జరిమానా. అందులో పోలీసులు వారెంటు లేకుండా అరెస్టు చేయలేరు. పార వంటి పనిముట్టుతో కొట్టారంటే 118(1) పెడతారు. శిక్ష మూడేళ్ళ వరకు, ఇది నాన్‌బెయిలబుల్, అంటే బెయిల్ హక్కుగా రాదు, కోర్టును అడగాలి. అదే పనిముట్టుతో తీవ్ర గాయమైందంటే 118(2). అక్కడ శిక్ష ఏడాదికి తక్కువ కాకుండా పదేళ్ళ వరకు, యావజ్జీవం కూడా ఉండవచ్చు. ఇక చంపాలనే కొట్టాడని ఫిర్యాదులో రాయిస్తే 109, అంటే హత్యాయత్నం. మామూలు గాయానికీ తీవ్ర గాయానికీ తేడా చట్టంలో స్పష్టంగా ఉంది. ఎముక విరిగినా, కీలు తప్పినా, పన్ను ఊడినా తీవ్ర గాయమే. పదిహేను రోజులు తన పని తాను చేసుకోలేకపోయినా అంతే. పాత చట్టంలో ఇది ఇరవై రోజులుగా ఉండేది. కుట్లు పడటం ఒక్కటే గాయాన్ని తీవ్రం చేయదు. కాబట్టి మీ చిన్నాన్న కొడుకుకు ఎక్స్‌రే తీశారా, అందులో ఏముంది, డాక్టరు గాయాల సర్టిఫికెట్‌లో ఏం రాశారు అన్నదే మీ కేసు బరువును నిర్ణయిస్తుంది. దర్యాప్తు మధ్యలో సెక్షన్లు మారతాయన్నది కూడా గుర్తుంచుకోండి. ఇవాళ 118(1) ఉన్న కేసు, ఎక్స్‌రే రిపోర్టు వచ్చాక రేపు 118(2) కావచ్చు.

ఈ తేడాను ఇంతగా ఎందుకు చెబుతున్నానంటే, అరెస్టు జరుగుతుందా లేదా అన్నది చాలావరకు దీన్నిబట్టే ఉంటుంది. ఏడేళ్ళ వరకు శిక్షపడే నేరాల్లో, ఆరోపణ వచ్చింది కదా అని అరెస్టు చేయకూడదు. అవసరమేమిటో పోలీసు అధికారి రాతపూర్వకంగా చూపాలి. అవసరం లేనప్పుడు నాగరిక సురక్షా సంహిత సెక్షన్ 35(3) కింద నోటీసు ఇచ్చి పిలిపించాలి. 2014లో అర్నేష్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు దీన్ని గట్టిగా చెప్పింది. నోటీసు అందుకుని హాజరవుతూ ఉన్నంతకాలం, ప్రత్యేక కారణాలు రాస్తే తప్ప అరెస్టు చేయరాదని చట్టంలోనే ఉంది. మరి మీకు వచ్చింది నోటీసా? కాదు, ఫోను. ఆ నోటీసును వాట్సాప్‌లో కూడా పంపకూడదని, నేరుగా అందజేయాలని సుప్రీంకోర్టు 2025లో చెప్పింది. ఆ రాత్రి ఫోను రాగానే మీరు పరుగెత్తుకెళ్ళనందుకు చట్టం మిమ్మల్ని తప్పుపట్టదు. అయితే ఆ తర్వాత మీరు చేసిన పని మీకే నష్టం తెస్తోంది.

మాట మెత్తగా చెప్పలేను, దాక్కోవడం ఆపండి. నోటీసు ఇవ్వడానికి మనిషి దొరకలేదని, ఫోను ఆపేసి ఊరు విడిచాడని పోలీసులు కాగితం మీద రాస్తారు. అరెస్టు అవసరం లేని కేసులో అరెస్టుకు కారణం మీరే అందించినట్టవుతుంది. ఇదే ఇంకా సాగి, కోర్టు మిమ్మల్ని పరారీలో ఉన్న నేరస్థుడిగా ప్రకటించేదాకా వెళ్తే, అటువంటివారికి సాధారణంగా ముందస్తు బెయిల్ ఇవ్వకూడదని సుప్రీంకోర్టు ఒకటికి రెండుసార్లు చెప్పింది. మీరు ఇంకా ఆ స్థితికి రాలేదు, రానివ్వకండి. ముందు వకీలును పెట్టుకోండి, ఫోను తెరవండి, ఎక్కడ ఉంటున్నారో ఆ చిరునామాతో, ఎప్పుడు పిలిచినా వస్తానని ఠాణాకు రిజిస్టర్డ్ పోస్టులో ఒక ఉత్తరం పంపండి. ఆ రసీదు మీ దగ్గర ఉంటే, పారిపోయాడన్న మాటకు జవాబు మీ చేతిలో ఉన్నట్టే.

ఇక మీ ముందున్న దారులు చూద్దాం. ఎఫ్‌ఐఆర్‌లో ఉన్నది 118(1), అంతకన్నా చిన్నవీ అయితే, వకీలును వెంటబెట్టుకుని వెళ్ళి నోటీసు తీసుకుని, వాళ్ళు అడిగినప్పుడల్లా హాజరు కావడం ఒక దారి. ఖర్చు తక్కువ, నెలల తరబడి కోర్టు షరతులు ఉండవు, కాయ కోతకు మీరు తోటలో ఉండవచ్చు. నష్టమేమిటంటే, మీకు కోర్టు ఉత్తర్వు రక్షణగా ఉండదు. రేపు ఎక్స్‌రేతో సెక్షన్ పెరిగితే పరిస్థితి మారుతుంది. అందుకని ఈ దారిలో వెళ్ళేవాళ్ళు ఆసుపత్రి రిపోర్టు మీద ఒక కన్ను వేసి ఉంచాలి.

రెండోది ముందస్తు బెయిల్. సెక్షన్లు పెద్దవైతే, లేదా చిన్నవే అయినా ఇంటికి జీపు వచ్చి వెళ్తోంది, నోటీసు మాటే ఎత్తడం లేదు అన్న పరిస్థితి ఉంటే ఇదే మంచిదని నా అభిప్రాయం. అడిగేందుకు ఎఫ్‌ఐఆర్ కూడా తప్పనిసరి కాదు. 1980లో గురుబక్ష్ సింగ్ సిబ్బియా కేసులో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ సంగతి తేల్చింది. కానీ ఊరికే భయంగా ఉందంటే చాలదు, ఆ భయానికి ఆధారాలు చూపాలి. ఏ కేసులోనూ ఎవరూ అరెస్టు చేయకూడదన్న గంపగుత్త ఉత్తర్వు ఏ కోర్టూ ఇవ్వదు. ఇంకో మాట, నాన్‌బెయిలబుల్ నేరం ఆరోపణ ఉంటేనే ఈ పిటిషన్. ఎఫ్‌ఐఆర్‌లో అన్నీ బెయిలబుల్ సెక్షన్లే ఉంటే దీనితో పనే లేదు. జామీను చూపితే ఠాణాలోనే విడిచిపెట్టాలి, అది మీ హక్కు.

చట్టం సెషన్స్ కోర్టుకూ హైకోర్టుకూ ఈ అధికారం ఇచ్చింది. ముందు నల్లగొండలోని సెషన్స్ కోర్టుకు వెళ్ళడమే మామూలు పద్ధతి. ఖర్చూ తక్కువ, అక్కడ కాదంటే హైకోర్టు మిగిలి ఉంటుంది. పిటిషన్ పడగానే పబ్లిక్ ప్రాసిక్యూటర్‌కు నోటీసు వెళ్తుంది. ఆయన పోలీసుల నుంచి కేసు డైరీ తెప్పించుకుంటారు. తర్వాత వాదనలు, ఉత్తర్వు. ఈలోగా మధ్యంతర రక్షణ అడగమని మీ వకీలుకు చెప్పండి. ఎందుకంటే పిటిషన్ వేసినంత మాత్రాన అరెస్టు ఆగదు. ఉత్తర్వు వచ్చాకే ఆగుతుంది. ఈ తేడా తెలియక, పిటిషన్ వేశాం కదా అని ధీమాగా ఇంటికొచ్చి అరెస్టయినవాళ్ళను నేను చూశాను.

బెయిల్ వస్తే దానితోపాటు బాధ్యతలూ వస్తాయి. ఫలానా తేదీలోగా ఠాణాకు వెళ్ళి సొంత పూచీకత్తు, ఇద్దరు జామీనుదారులను చూపడం, చార్జిషీటు వేసేదాకా వారానికో రోజు సంతకం పెట్టడం, పిలిచినప్పుడు విచారణకు వెళ్ళడం, అనుమతి లేకుండా దేశం దాటకపోవడం వంటివి చాలాసార్లు ఉంటాయి. మీ పార తెచ్చి చూపించమని పోలీసులు అడగవచ్చు, బెయిల్ ఉందని కాదనలేరు. అన్నిటికన్నా ముఖ్యమైన షరతు, కేసు సంగతి తెలిసిన ఎవరినీ బెదిరించకూడదు, ఆశపెట్టకూడదు. సాక్షులందరూ మీ ఊరివాళ్ళే, మీ పాలివాళ్ళే. కల్లు దుకాణం దగ్గర కోపంగా అన్న ఒక్క మాట చాలు, బెయిల్ రద్దు చేయమని అవతలివాళ్ళు పిటిషన్ వేయడానికి. షరతులు పాటిస్తే ఆ రక్షణ సాధారణంగా కోర్టు విచారణ ముగిసేదాకా ఉంటుంది. దానికి గడువు పెట్టనక్కర్లేదని 2020లో సుశీలా అగర్వాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

కొన్నిసార్లు కోర్టు బెయిల్ ఇవ్వదు, నోటీసు పద్ధతి పాటించమని పోలీసులను ఆదేశించి పిటిషన్ ముగిస్తుంది. అది ఓటమి అనుకోకండి. మీకు కావలసిన రక్షణలో ఎక్కువ భాగం అందులోనే వస్తుంది. పిటిషన్ పూర్తిగా కొట్టేస్తే మాత్రం పరిస్థితి బరువెక్కుతుంది. పోలీసులకు అరెస్టు చేయడానికి ఇక అడ్డేమీ ఉండదు, హైకోర్టులో మళ్ళీ అడిగేటప్పుడు కింద కొట్టేసిన సంగతి దాచకుండా చెప్పాలి. అందుకే పిటిషన్‌లో నిజం రాయించండి. పార మీ చేతిలో ఉందన్నది దాచవద్దు. జేసీబీ డ్రైవరు చూశాడు, ఊరంతటికీ తెలుసు. దాచిన ఒక్క విషయం బయటపడితే మిగతా పది నిజాలనూ కోర్టు నమ్మదు. పాదులు చేస్తుండగా గొడవ వచ్చింది, పార అందుకే చేతిలో ఉంది అన్నది మీకు మేలు చేసే మాటే. కొట్టడానికి తెచ్చుకున్నది కాదని దాంతోనే తెలుస్తుంది.

ఒకవేళ వీటిలో ఏదీ పూర్తికాకముందే అరెస్టు జరిగితే? అప్పుడూ లోకం మునిగిపోదు. కారణం మీకు చెప్పాలి, ఇంట్లోవాళ్ళకు తెలియజేయాలి, ఇరవై నాలుగు గంటల్లోపు మేజిస్ట్రేట్ ముందు నిలబెట్టాలి, విచారణ సమయంలో వకీలును కలిసే హక్కు ఉంది. అక్కడ మామూలు బెయిల్ అడుగుతారు. పోలీసులకు మీరు ఇచ్చే వాంగ్మూలం మీద సంతకం పెట్టవలసిన పని లేదు, చట్టమే వద్దంటోంది. ఖాళీ కాగితం మీద ఎట్టి పరిస్థితుల్లోనూ పెట్టకండి.

ఇప్పుడు మీ ఉత్తరంలో నన్ను ఇబ్బంది పెట్టిన విషయం. చిన్నాన్న వాళ్ళ పాలేరు గురించి మీరు రాసిందంతా నెట్టేశానని, "అట్రాసిటీ కేసు పెట్టిస్తామంటున్నారు" అని, ఈ రెండు ముక్కలే. ఆయన పడిపోయాడా, దెబ్బ తగిలిందా, ఆ కోపంలో మీరు ఆయనను ఏమన్నారు, ఇవేవీ లేవు. నేను అడుగుతున్నాను, కులం పేరుతో ఏమైనా అన్నారా? నాకు చెప్పనక్కర్లేదు. మీ వకీలుకు మాత్రం ఉన్నది ఉన్నట్టు చెప్పాలి. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 18వ సెక్షన్ ప్రకారం ఆ నేరాల్లో ముందస్తు బెయిల్ లేదు. ఆరోపణలు చదివితే పైకి నేరమే కనిపించనప్పుడు మాత్రమే ఆ అడ్డు వర్తించదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ మినహాయింపును పట్టుకుని వేలాడవలసిన పరిస్థితి మీరు తెచ్చుకోకూడదు. ఆ చట్టం ఊరికే రాలేదు. మన జిల్లాల్లో గెట్ల తగాదా పెద్దరైతులదైనా మధ్యలో దెబ్బలు తినేది, తిట్లు పడేది పనికి వచ్చిన మనిషే. ఆయన ఎవరో పెట్టిస్తే కేసు పెట్టే మనిషి అని మీరు ముందే తీర్మానించుకున్నారు. ఆయనకు సొంతంగా బాధ కలిగి ఉండవచ్చన్న ఆలోచన మీ ఉత్తరంలో లేదు. నెట్టిన మాట నిజమైతే దాన్ని నిజంగానే తీసుకోండి. కేసు నడిచేటప్పుడు మీరు నేరుగా వెళ్ళి మాట్లాడితే బెదిరింపుగానో ప్రలోభంగానో చూస్తారు కనుక ఇప్పుడు వెళ్ళవద్దు. క్షమాపణ చెప్పాలని మీకు అనిపిస్తే అది ఎలా, ఎప్పుడు అన్నది మీ వకీలుతో మాట్లాడండి.

ఎనభై వేల పెద్దమనిషికి కూడా జవాబు ఇవ్వాలి. ఎఫ్‌ఐఆర్ నమోదయ్యాక ఠాణాలో మాఫీ అన్నది లేదు. పోలీసులు చేయగలిగింది దర్యాప్తు ముగించి కోర్టుకు నివేదిక పంపడం. మీ డబ్బు ఎవరి చేతికి వెళ్ళిందో మీకు ఎప్పటికీ తెలియదు, కేసు అక్కడే ఉంటుంది, తర్వాత మళ్ళీ అడుగుతారు. పైగా 2018 సవరణ తర్వాత లంచం ఇవ్వడం కూడా నేరమే. ఎవరైనా బలవంతపెడితే ఏసీబీ టోల్ ఫ్రీ నంబరు 1064 ఉంది. అయితే అవతలి మనిషి ఆసుపత్రి ఖర్చు భరించి రాజీ చేసుకోవడం పూర్తిగా వేరే విషయం, అందులో సిగ్గుపడవలసింది ఏమీ లేదు. కొన్ని సెక్షన్లను కోర్టు అనుమతితోనో, బాధితుడి ఇష్టంతోనో రాజీ చేసుకోవచ్చు. లోక్ అదాలత్‌లో అవి తేలిపోతాయి. చట్టం రాజీ ఒప్పుకోని సెక్షన్లయినా, వ్యక్తిగత తగాదా అయి ఇద్దరూ నిజంగా కలిసిపోతే హైకోర్టు కేసు కొట్టేయవచ్చని 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఈ ప్రయత్నం రెండువైపుల వకీళ్ళ ద్వారానో, జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారానో జరగాలి. వకీలు ఫీజు కట్టలేని స్థితి ఉంటే అర్హత చూసి ఆ సంస్థే ఉచితంగా వకీలును ఇస్తుంది. హెల్ప్‌లైన్ నంబరు 15100.

మీ నాన్నగారి సంగతి. కొడుకు దొరకలేదని తండ్రిని ఠాణాలో కూర్చోబెట్టే అధికారం ఎవరికీ లేదు. అటువంటిది జరిగితే మీ భార్య వెంటనే ఆ 15100కే ఫోన్ చేయాలి. ఆ నంబరు ఇవాళే ఆమెకు ఇవ్వండి. ఆయన పేరు ఎఫ్‌ఐఆర్‌లో నిందితుడిగా ఉంటే అది వేరే విషయం. మూడేళ్ళకన్నా తక్కువ శిక్ష ఉన్న నేరాల్లో అరవై దాటినవారిని డీఎస్పీ అనుమతి లేకుండా అరెస్టు చేయకూడదని అదే సురక్షా సంహితలోని 35(7) చెబుతోంది. 118(1) శిక్ష మూడేళ్ళ వరకు ఉంది కాబట్టి ఆ రక్షణ కచ్చితంగా వర్తిస్తుందని మాట ఇవ్వలేను. కానీ డెబ్బై ఏళ్ళ వయసు, బెయిల్ అడిగితే కోర్టు తప్పక చూసే అంశం. మీరు పిటిషన్ వేస్తే ఆయన పేరూ కలపండి. మీ తమ్ముడిని విడిగా చూడమనండి. ఆ ఉదయం ఆయన హైదరాబాదులో ఉన్నట్టు రుజువులు ఇప్పుడే పోగుచేయాలి. ట్రిప్పుల రికార్డు, టోల్ రసీదు, పెట్రోలు బంకు సీసీ కెమెరా దృశ్యాలు, ఏది దొరికితే అది. కెమెరా రికార్డింగులు కొన్ని రోజుల తర్వాత చెరిగిపోతాయి, కాబట్టి అన్నిటికన్నా తొందర పని ఇదే. అక్కడ లేని మనిషి పేరు ఇరికించారని తేలితే ఫిర్యాదు మొత్తం మీదే అనుమానం వస్తుంది, అది మీకూ పనికివస్తుంది.

మీ భుజం దెబ్బకు ప్రభుత్వాసుపత్రికి వెళ్ళి చూపించుకోండి. ఆలస్యమైందని అంటారు, అననివ్వండి. మీరు కూడా ఫిర్యాదు ఇవ్వవచ్చు. జేసీబీతో గెట్టు తీయించడం వాళ్ళు మొదలుపెట్టిన పని. కానీ కేసుకు కేసు అన్న పంతంతో లేనివి కల్పించి ఇవ్వకండి. గెట్టు మాత్రం క్రిమినల్ కోర్టులో తేలదు. హద్దుల సర్వే కోసం మండల సర్వేయర్‌కు దరఖాస్తు పెట్టండి, అవసరమైతే సివిల్ కోర్టు ఉంది. ఆ రెండు గుంటల సంగతి తేలకపోతే ఈ కేసు ముగిసినా మళ్ళీ ఏదో ఒక ఉదయం ఇదే గొడవ.

ఉత్తరం కింద మీరు రాసిన చిన్న ప్రశ్న, ఇంటర్ చదువుతున్న మీ అమ్మాయికి రేపు ఉద్యోగంలో ఈ కేసు అడ్డం వస్తుందా అని. రాదు. ఉద్యోగానికి ముందు జరిపే వెరిఫికేషన్‌లో ఆమె మీద కేసులున్నాయా అని చూస్తారు, తండ్రి మీద ఉన్నవి ఆమెకు అంటవు. మీ తమ్ముడు పాస్‌పోర్టుకో, ప్రభుత్వ ఉద్యోగానికో దరఖాస్తు పెట్టుకుంటే మాత్రం తన మీద ఉన్న కేసు దాచకుండా రాయాలి. కేసు కన్నా దాన్ని దాచడమే అక్కడ ఎక్కువ నష్టం చేస్తుంది.